పాకం ముదిరిన రాజ్యం

నేను ఒక రాజ్యాన్ని పాడుచేశాను. శత్రువు ఎవరూ లేడు, యుద్ధమూ జరగలేదు. విరుదునగరులో ఒక ఆసుపత్రి మంచం అంచున కూర్చుని, పొద్దున ఎనిమిది గంటల వేళ, నా నోటితోనే ఆ పని చేశాను. రాజు మొదలుకొని పాలు తాగే పిల్ల దాకా అందరి గొంతులూ పోయాయి. వాళ్ళను ఆ స్థితిలో వదిలేసి నేను కాఫీకి పోయాను. ఆ కాఫీ సాయంత్రం దాకా నా నోట్లో చేదుగానే ఉంది.

వరసగా చెబుతాను. మాది కోవిల్పట్టి. కడలమిఠాయి చేసి అమ్మే ఇల్లు. ఆంధ్రలో పల్లీ పట్టీ అంటారే, అదే. కానీ అదీ ఇదీ ఒకటేనని మా ఊళ్ళో అనకండి, కోపం వస్తుంది. నాకైతే తప్పకుండా వస్తుంది. నాన్న పోయాక పాకం చూసే పని నాది. బెల్లం కరిగించి, గుడ్డలో వడకట్టి మడ్డి తీసేసి, మళ్ళీ పొయ్యి మీద పెడతాం. చుక్క పాకం చన్నీళ్ళలో వేస్తే గట్టిపడి, గిన్నెకు తగిలి టక్కుమనాలి. అప్పుడు దించాలి. ఒక్క నిమిషం చూపు తిప్పితే ముదిరిపోతుంది. ఇరవై ఏళ్ళుగా పొయ్యి ముందు నిలబడుతున్నాను కదా, నాకు ఓపిక ఎక్కువని ఊళ్ళో అనుకుంటారు. ఆ ఓపికంతా పాకం దగ్గరే అయిపోతుంది. మనుషులకు మిగలదు.

మా అక్కను విరుదునగరులో ఇచ్చారు. ఆమెకు ఒకతే కూతురు. ఆరేళ్ళు నిండాయి, నోరు మాత్రం అరవై ఏళ్ళది. స్కూల్లో ఇంగ్లీషు, వీధిలో తమిళం, మా ఇళ్ళ మధ్య తెలుగు, మూడింటిలోనూ ఎదురు మాట్లాడుతుంది. సెలవులకు వస్తే నా పొయ్యికి రెండు గజాల దూరంలో పీట వేసుకుని కూర్చుని, పాకం చూడటం నాకే నేర్పుతుంది. ఒకసారి ఫోను మాట్లాడుతూ పాకం ముదరబెట్టాను. మాడలేదు, ముదిరిందంతే. గ్లాసు నీళ్ళు పోసి మళ్ళీ మరిగించి దారికి తెచ్చాను. ఆ సంగతి మా వీధి వీధంతా చెప్పుకొచ్చింది.

అలాంటి పిల్లకు నెలకోసారి గొంతు వాచి జ్వరం రావడం మొదలైంది. మింగలేదు, రాత్రి ఊపిరి సరిగా ఆడదు. టాన్సిల్స్ తీసేయడమే మంచిదని డాక్టరమ్మ చెప్పింది. బావకు తిరుప్పూరులో ఉద్యోగం, ఆపరేషన్ అయిన మరునాటికి గాని రాలేనన్నాడు. నేను ముందురోజే బస్సెక్కాను. మేనమామ లేకుండా మా ఇళ్ళలో పిల్లకు చెవులు కూడా కుట్టరు, కత్తి పెట్టేటప్పుడు లేకపోతే ఎట్లా? దానికి చెవులు కుట్టింది నా ఒళ్ళోనే. అప్పుడది కొత్తగా వచ్చిన రెండు పళ్ళతో నా వేలు కొరికింది. ఆ మచ్చ ఇంకా ఉంది.

ఇక్కడ మా అమ్మ సంగతి కొంచెం చెప్పాలి. అమ్మది నాగలాపురం పక్కన ఒక కరిసల్ పల్లె. నల్లరేగడినే మేము కరిసల్ అంటాం. అమ్మకు చదువు లేదు. తెలుగు మా ఇంట్లో మాట్లాడే భాషే గాని చదివే భాష కాదు. నేనే మీసాలు నెరిసేటప్పుడు అక్షరాలు నేర్చుకున్నాను. కానీ కథ విషయంలో అమ్మ చండశాసనురాలు. వినేవాళ్ళు ఊ కొట్టాలి, ఊ ఆగితే కథ ఆగుతుంది. మొదలుపెట్టిన కథను నడిమధ్య వదలకూడదు, వదిలితే అందులో మనుషులు అక్కడే చిక్కుకుని ఏడుస్తారు. పగలు అసలు చెప్పకూడదు, చెబితే మేనమామ దారి తప్పుతాడు. పోయేలోపు ఆ చట్టాలన్నీ మనవరాలికి అప్పగించి పోయింది.

ఆపరేషన్ రోజు పిల్లకు నీళ్ళు కూడా ఇవ్వొద్దన్నారు. పొద్దున లేచింది మొదలు అది నీళ్ళు అడుగుతూనే ఉంది. అక్క కాగితాల మీద సంతకాలు పెట్టడానికి పోయింది. నేను కిటికీ చూపించాను, ఫోనులో బొమ్మలు చూపించాను. దప్పి బొమ్మలకు లొంగుతుందా? చివరికి కథ చెబుతానన్నాను.

“పగలు కత చెప్పకూడదంట మామా. అవ్వ చెప్పింది. నువ్వు దారి తప్పిపోతావు” అంది.

ఈ నాలుగు గోడల మధ్య ఎక్కడికి తప్పుతాను, నువ్వు ఊ కొట్టు అన్నాను. మొదలుపెట్టాక నాకే ఊపు వచ్చింది.

అదొక దేశం. మా అమ్మ ఊరి మట్టిలాంటి నల్లమట్టి. ఏటా మబ్బులు వస్తాయి, ఊరిని ఒకసారి చూస్తాయి, పోయి ఇంకెక్కడో కురుస్తాయి. రాజుకు విసుగెత్తి తన మంత్రగాణ్ణి పిలిచాడు. ఆ మంత్రగాడు కొత్త ప్రయోగం ఒకటి చెప్పాడు. కొండంత బెల్లం తెచ్చి, కోవిల్పట్టి బస్టాండంత మూకుడులో కాచి, తాటిచెట్టు పొడవు గరిటెతో పాకాన్ని ఆకాశానికి చిమ్మితే మబ్బులు దానికి అతుక్కుని కదలలేవట. పిల్ల ఊ కొట్టింది. జనమంతా తలా ఒక అచ్చు బెల్లం తెచ్చారు. నిప్పు రాజుకుంది, మంత్రం మొదలైంది. పాకం వచ్చే సమయానికి రాజు చిలుక ఏదో అడిగిందని మంత్రగాడు అటు తిరిగాడు. అంతే. పాకం ముదిరిపోయింది.

ఆవిరి పైకి పోవాల్సింది, కిందికి దిగింది. జనం నోళ్ళలోకి, గొంతుల్లోకి దూరింది. ఎవరి గొంతు వాళ్ళ లోపలే గడ్డకట్టింది. రాజు ఆజ్ఞ ఇద్దామని నోరు తెరిస్తే మాట రాలేదు, ఎర్రటి గడ్డ ఒకటి చేతిలో రాలింది. తల్లులు పిల్లల్ని పిలవబోతే గడ్డలే రాలాయి. ముక్కుకూ నోటికీ గుడ్డ కట్టుకున్న మంత్రగాడు ఒక్కడే మిగిలాడు. వాడు ఆ గడ్డలన్నీ ఏరి సీసాలో వేసి మూత బిగించాడు. ఈ సీసాలో ఉన్నవే మీ గొంతులు, ఎవరూ నోరు తెరవొద్దు, తెరిస్తే లోపల మిగిలిన ఆ కాస్తా రాలిపోతుంది అన్నాడు.

సరిగ్గా అప్పుడే స్ట్రెచర్ వచ్చింది. తర్వాత ఏమాయె అని పిల్ల అడిగింది. వచ్చినాక చెబుతాలే అన్నాను. తోసుకుపోతుంటే అది పెదవులు గట్టిగా బిగించుకుని నన్నే చూసింది. ఎంత ధైర్యమో అని మురిసిపోయాను. వాపు చూసి బలుపు అనుకోవడమంటే ఇదే.

ఆపరేషన్ చక్కగా జరిగింది. డాక్టరమ్మ బయటికి వచ్చి తమిళంలో రెండే మాటలు చెప్పింది: బాగా అయింది, రక్తం కూడా ఎక్కువ పోలేదు. అక్క గోడకు తల ఆనించి కళ్ళు మూసుకుంది. కాసేపటికి నర్సు నా చేతిలో చిన్న సీసా పెట్టింది. మూత బిగించి, పైన చీటీ అంటించిన సీసా. లోపల నీళ్ళలాంటి మందులో రెండు ఎర్రటి గడ్డలు. పరీక్షకు బయట ల్యాబులో ఇచ్చి రావాలట.

అంతలో పిల్లను తీసుకొచ్చారు. కళ్ళు సగం తెరిచింది. నేను తిన్నగా పోయి ల్యాబులో ఇచ్చి రావచ్చు కదా? ఊరుకోలేదు. సీసా దాని కళ్ళ ముందుకు ఎత్తి, చూడు తల్లీ, తీసేసినారు, ఇవే అని గొప్పగా చూపించాను. అది చూసింది. సీసా జేబులో వేసుకుని బయటపడ్డాను.

ల్యాబు రెండు వీధుల అవతలే. అడిగితే ఒకాయన బజారు వెనక అన్నాడు, ఇంకొకాయన బజారు ముందు అన్నాడు. నేను నా తెలివి వాడి, సందులోంచి సందులోకి తిరిగి, నూనె డబ్బాలు దించుతున్న గోడౌన్ల మధ్య తేలాను. అక్కడ ల్యాబని అడిగితే నవ్వారు. పది నిమిషాల పనికి గంటన్నర పట్టింది. చిన్నప్పటి నుంచి వచ్చిపోతున్న ఊళ్ళో దారి తప్పానని ఎవరికీ చెప్పకూడదనుకున్నాను.

తిరిగి వచ్చేసరికి పిల్ల బాగా మెలకువగా ఉంది. పక్కన అక్క ఐస్‌క్రీమ్ కప్పు పట్టుకుని నిలబడి ఉంది. చల్లటివి పెట్టమన్నారట, నీళ్ళు తాగించమన్నారట. పిల్ల నోరు తెరవడం లేదు. ఒక్క మాట లేదు, ఒక్క మూలుగు లేదు. చెంచా దగ్గరికి తెస్తే రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంటోంది. ఐస్‌క్రీమ్ కరిగి నీళ్ళయింది. ఇంకో కప్పు తెచ్చాం, అదీ కరిగింది.

డాక్టరమ్మ వచ్చి తమిళంలో బుజ్జగించింది. ఇంగ్లీషులో అడిగింది. ఏ భాషకూ పెదవి విడలేదు. లోపల అంతా బాగానే ఉంది, కొందరు పిల్లలు భయపడతారు, కాసేపు చూద్దాం అంది. కాకపోతే గుటకలు వేస్తూ ఉంటేనే గొంతు ఆరిపోకుండా త్వరగా మానుతుంది, చీకటి పడేలోపు తాగకపోతే సెలైన్ తీయలేం, ఇంటికీ పంపలేం అంది. ఆమె చెప్పిన వాటిలో బాగానే ఉందన్న మాట అక్క చెవికి ఎక్కలేదు. నన్ను వరండాలోకి లాక్కుపోయింది.

“తమ్ముడా, పాపకు గొంతు పోయిందేమోరా. మాట రాదేమోరా ఇంక” అంది.

అట్లాంటిదేం లేదన్నాను. ఒక్క మాట మాట్లాడమను, ఒక్కటి సాలు అని అక్క నా చొక్కా పట్టుకుంది. మా అక్క ఎవరి ముందూ ఏడ్చే మనిషి కాదు. నాన్న పోయినప్పుడు కూడా వచ్చినవాళ్ళకు వండి పెట్టింది. ఆమె అట్లా ఏడుస్తుంటే నాకు భయం వేసింది. నాకు భయం వేస్తే కోపంగా బయటికి వస్తుంది, అదొక పాడు గుణం. లోపలికి పోయి పిల్ల మీద అరిచాను. నోరు తెరుస్తావా లేదా, మీ అమ్మను చంపుతావా అన్నాను. పిల్ల కళ్ళల్లోంచి నీళ్ళు కారాయి. శబ్దం రాలేదు. ఏడ్చేటప్పుడు కూడా నోరు మూసుకునే ఏడ్చింది. ఆ మాటలు తలుచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం.

అప్పుడది చెయ్యి ఎత్తింది. సూది గుచ్చని చెయ్యి. వేళ్ళు ముడిచి గాలిలో దేన్నో తిప్పింది. అక్క నీళ్ళ సీసా మూత తీసి ఇచ్చింది. కాదని తల ఊపింది. ఫ్లాస్కు మూత తీశాం. కాదు. మళ్ళీ వేళ్ళు తిప్పి, నా జేబు వైపు చూపించింది. నా జేబులో ఏముంది? ల్యాబు రసీదు. రసీదు తీశాను. దాన్ని చూసి, నా ఖాళీ చేతులు చూసి, పిల్ల గోడ వైపు తిరిగిపోయింది.

అప్పటికి నాకు వెలిగింది. సీసా. మూత బిగించిన సీసా. ఎర్రటి గడ్డలు. ఎవరూ నోరు తెరవొద్దు. దాని గొంతును సీసాలో పెట్టి, దాని కళ్ళ ముందు ఆడించి, జేబులో వేసుకుని పోయింది నేనే. పోయి, తిరిగి ఒట్టి చేతులతో వచ్చింది కూడా నేనే. ఆ మంత్రగాడు చేసిన ప్రయోగం ఒక రాజ్యాన్ని ముంచింది, నేను ఆ కథను సగంలో వదిలేసి ఇక్కడ మా ఇల్లు ముంచాను. అమ్మ ఉంటే ఏమనేదో నాకు తెలుసు. మొదలుపెట్టిన కథను నడిమధ్య వదిలినావు కదరా, ముండమోపి నాయాలా అనేది.

మంచం మీద కూర్చుని కథ అందుకున్నాను. అక్క నన్ను పిచ్చివాణ్ణి చూసినట్టు చూసింది. మధ్యాహ్నం మూడు గంటలు, పట్టపగలు. మొదటి వాక్యం చెప్పి అలవాటుగా ఆగాను. ఊ రాలేదు. మా ఇంట్లో ఊ లేకుండా కథ ముందుకు పోయిందే లేదు. అయినా చెప్పాను.

మంత్రగాడు సీసా ముందు పెట్టుకుని మూడు రోజులు కూర్చున్నాడు. ఏ మంత్రమూ పారలేదు. నాలుగో రోజు ఆ దేశానికి ఒక మిఠాయి మనిషి వచ్చాడు. కోవిల్పట్టి మనిషి. గోడ వైపున్న తల కొంచెం ఇటు తిరిగింది. మిఠాయి మనిషి సీసాను వెలుతురులో పెట్టి చూసి మంత్రగాణ్ణి తిట్టాడు. ఒరే, ఇవి గొంతులా? ఇది మడ్డి. బెల్లం కాస్తే మడ్డి రాకుండా ఉంటుందా? మడ్డి తీసి పారేస్తాం, పాకం లోపలే ఉంటుంది అన్నాడు. వీళ్ళ గొంతులు వీళ్ళ దగ్గరే ఉన్నాయి, సీసాను పరీక్షకు పంపు, అందులో ఎంత మడ్డి ఉందో ల్యాబువాళ్ళే చెబుతారు అన్నాడు.

పిల్ల పూర్తిగా నా వైపు తిరిగింది. వేలితో తన పెదవులు చూపించి, కిందికి రాలినట్టు వేలు దించింది. నోరు తెరిస్తే మిగిలింది రాలిపోతుందన్నాడు కదా అని అడుగుతోంది.

“వానికి పాకమే చూసేది రాదు తల్లీ” అన్నాను. “గొంతు సంగతి వానికేమి తెలుసు?”

అది ఆలోచించింది. వాదన దానికి నచ్చినట్టే ఉంది. నేను కథలోకి పోయాను. ఇప్పుడు అందరి గొంతుల్లో పాకం ముదిరి ఉంది, మాడలేదు, ముదిరిందంతే అని మిఠాయి మనిషి చెప్పాడు. ముదిరిన పాకాన్ని ఏం చేయాలో తెలిసినవాళ్ళు చెప్పండి అని జనాన్ని అడిగాడు. జనానికి తెలియదు. రాజుకు తెలియదు. చెప్పి ఆగాను.

నా పొయ్యి పక్కన పీట వేసుకుని కూర్చునే పిల్లకు తెలియదా? దాని చెయ్యి మెల్లగా మంచం పక్కన బల్ల మీదికి పోయింది. నీళ్ళ గ్లాసును చూపించింది.

అక్క చెంచాతో నీళ్ళు పట్టింది. పెదవులు విడివడ్డాయి. మింగేటప్పుడు పిల్ల ముఖమంతా ముడుచుకుపోయింది, నొప్పికి కాళ్ళు తన్నుకుంది. రెండో చెంచా తాగింది. మూడోది కూడా. నేను కథ నడిపించాను. మొదట రాజు తాగినాడు, తర్వాత తల్లులు, తర్వాత పిల్లకాయలు. రాజు నోరు తెరిచినాడు అని చెప్పి, అలవాటు ఎక్కడికి పోతుంది, ఆగాను.

“ఊ” అంది.

గరుకుగా, అరిగిపోయిన కీలు కిర్రుమన్నట్టు వచ్చింది. నా జీవితంలో అంత మంచి శబ్దం వినలేదు. అక్క కూలబడినట్టు మంచం మీద కూర్చుని పిల్ల పాదాలు పట్టుకుని ఏడ్చింది, ఏడుస్తూనే నవ్వింది. నేను ఏడవలేదని చెబితే అబద్ధం. డాక్టరమ్మ వచ్చి చూసి, ఏం మందు వేశారు అని అడిగింది. నీళ్ళు అన్నాను.

సాయంత్రానికి కప్పు ఐస్‌క్రీమ్ అయిపోయింది. సెలైన్ తీసేశారు. మాట్లాడవద్దన్నా పిల్ల వినదు, గుసగుసగా కథలో లెక్క తేలని చోటు పట్టుకుంది. మబ్బులు ఏమాయె మామా అంది. నాకు ఆ సంగతే గుర్తులేదు. మబ్బులు పోయినాయి తల్లీ, పోతే పోనీ, గొంతులుండాయి కదా, వచ్చే ఏడు మళ్ళా పిలుచుకుంటారు అన్నాను. సరేనన్నట్టు తల ఊపింది.

మరునాడు పొద్దున బావ వచ్చాడు. నేను కోవిల్పట్టికి బయలుదేరుతూ దాని నుదుటి మీద చెయ్యి పెట్టాను. అది నా వేలు పట్టుకుంది, కొరికిన మచ్చ ఉన్న వేలు.

“ల్యాబుకు పోతే అంతసేపు ఏమిటికి మామా? నేను పగలు చెప్పొద్దంటిని కదా. దారి తప్పితివా?”

ఆరేళ్ళ పిల్లకు అబద్ధం చెప్పేంత గొప్పవాణ్ణి కాదు. “తప్పితిని తల్లీ” అన్నాను.

“మళ్ళా ఎట్ల వస్తివి?”

“ఆసుపత్రికి అడిగి అడిగి వస్తిని. కతలో తప్పిన దారికి మాత్రం, నిన్న మధ్యాహ్నం నువ్వు ఊ అంటివే. అది పట్టుకొని వస్తిని.”